అప్ప వంతు

ఓడినవాడు కోర్టులో ఏడుస్తాడు, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడు అంటారు. ఆ మాట పుట్టించినవాడు వకీలు ఫీజులు చూసి పుట్టించి ఉంటాడు. నా సంగతి అది కాదు. నేను గెలిచాను. ఫీజు పది మందిమి పంచుకున్నాం, పెద్ద బరువేమీ కాలేదు. అయినా ఇంటికొచ్చి ఏడ్చాను. ఎందుకో చెబుతాను గాని, మధ్యలో 'పోనీలే నూకరాజూ, నీ తప్పేముంది' అని నన్ను ఓదార్చకండి. ఆ మాట వింటే నాకు ఒళ్ళు మండుతుంది.

మాది శ్రీకాకుళం జిల్లాలో సముద్రపొడ్డు పల్లె. వలలో చేప తగ్గిపోయాక, డెబ్భై రెండులో, మా బావ చిన్నారావు వెనకాల రైలెక్కి రాయపూర్ వచ్చాను. నీళ్ళ గొట్టాలు వేసే ఒక సర్కారు శాఖలో గోతులు తవ్వే పని. ఏ శాఖ అని అడక్కండి, పేరు చెబితే నాకేమీ ఒరగదు. రోజు కూలీలం. మా గుంపులో పదకొండు మందీ తెలుగువాళ్ళమే. నేను ఎనిమిది దాకా చదివాను, కూడబలుక్కుంటూ హిందీ అక్షరాలు కూడా నేర్చుకున్నాను, అందుకని నన్ను మేటును చేశారు. మేటు అంటే ఏదో పెద్ద కుర్చీ అనుకునేరు. అందరితోపాటు పలుగు పట్టాలి, సాయంత్రం అందరూ కాళ్ళు కడుక్కుంటుంటే నేను మాత్రం కూర్చుని హాజిరీ పుస్తకంలో ఎవరొచ్చారో ఎవరు రాలేదో రాయాలి. అంతే తేడా.

అప్పలనరసమ్మ నా తోడబుట్టింది. మా వైపు అక్కని అప్ప అంటాం. నాకంటే ఎనిమిదేళ్ళు పెద్దది. అమ్మ పోయినప్పుడు నాకు నాలుగేళ్ళు, ఆ తర్వాత నాకు అన్నం పెట్టిందీ, వీపు మీద రెండు వేసి బడికి పంపిందీ అప్పే. చిన్నారావు బావ ఆమె పెనిమిటి, ఆయనతోనే రాయపూర్ వచ్చింది. డెబ్భై ఎనిమిది వానాకాలంలో పచ్చకామెర్లు వచ్చి బావ పోయాడు. పిల్లలు లేరు. ఊరెళ్ళిపోతావా అని అడిగితే, "ఆడ నాకెవులున్నారురా, ఆ సముద్రవేనా" అంది.

దినాలు అయిపోయాక అప్పని వెంటబెట్టుకుని ఓవర్సీరు దగ్గరికి వెళ్ళాను. బావ పేరు కొట్టేసి ఆ చోట అప్ప పేరు రాయమని అడిగాను. ఆయన తల కూడా ఎత్తలేదు. కొత్త పేర్లు రాయవద్దని పైనుంచి ఆర్డరు వచ్చిందనీ, ఉన్న పేర్లే ఎప్పుడు తీసేస్తారో తెలియదనీ, నేను ఒక్క కొత్త పేరు రాసినా ముందు నా పేరే కొట్టేస్తాననీ చెప్పాడు. అప్పకి అప్పటికి హిందీ సరిగా రాదు. బయటికొచ్చాక, "ఏటన్నాడ్రా?" అంది. చెప్పలేక చెప్పాను.

అప్పుడు నాకొక ఉపాయం తట్టింది. ఇక్కడినుంచే నా తెలివి మొదలు, వినండి. మా ఊళ్ళో పెద్ద వల లాగే గుంపులో ఒకడు చచ్చిపోతే, అతని ఇంటిది ఒడ్డున నిలబడి చేపలు ఏరి గంపలకెత్తితే చాలు, చచ్చినవాడి వంతు ఆ ఇంటికి వెళ్ళేది. అది దానం కాదు. ఎవరూ జాలిపడి ఇచ్చేది కాదు. వంతు. ఇక్కడ వల లేదు గాని గొయ్యి ఉందిగా అనుకున్నాను. గుంపులో మిగిలింది పది పేర్లు. రోజుకొకడు ఇంటి దగ్గర ఆగిపోతాడు, లేదంటే బయట ఏ మూటలో మోసుకుంటాడు. వాడికి బదులు అప్ప వస్తుంది. పుస్తకంలో వాడి పేరుకే హాజిరీ. ఆ రోజు కూలి అప్పది. ఓవర్సీరుకి కావలసింది పది పేర్లకి పది తలకాయలు. అవి ఎవరివో ఆయన చూడడు.

మిగతా తొమ్మిది మందికీ చెప్పాను. ఒక్కడు కూడా నొసలు చిట్లించలేదు. తాతయ్య అని మాలో ఒకడు ఉండేవాడు. పేరే తాతయ్య, వయసుకి నాకంటే చిన్న, నలుగురు పిల్లలు. "నెలకి మూడు రోజులు మా యమ్మకిచ్చినాననుకుంతాను, ఇందులో అడగడానికేటున్నాది" అన్నాడు. ఆ రోజు నాకు ఛాతీ ఉబ్బింది. పరాయి దేశంలో మన ధర్మం నిలబెట్టాననుకున్నాను.

అలా పన్నెండేళ్ళు నడిచింది. పొద్దున్నే పార భుజాన వేసుకుని అప్ప వచ్చేది. రాగానే నా వైపు చూసి అడిగేది: "ఒరే, ఈయాల నానెవర్ని?"

"ఇవాళ నువ్వు తాతయ్యవి అప్పా" అనేవాణ్ణి.

"అలగైతే నాకు నలుగురు పిల్లలన్నమాట" అనేది. అందరూ నవ్వేవాళ్ళు. మర్నాడు ఇంకో పేరు, ఇంకో వేళాకోళం. దేవేంద్ర నగర్‌లో ఇళ్ళు లేస్తున్నప్పుడు అక్కడ నేల కింద గొట్టాలు పరిచింది మేమే. ఆ రాతి నేలలో మగాళ్ళు అరగంటకోసారి బీడీకని పైకొచ్చేవాళ్ళు. అప్ప దిగిందంటే గొయ్యి పూర్తయ్యాకే పైకొచ్చేది. జ్వరమొచ్చినా మానేది కాదు. మానితే ఆ రోజు ఎవరి వంతు వృథా పోతుందో అని బాధపడేది.

ఎనభై ఆరులో రోజు కూలీలందర్నీ తీసేస్తారని పుకారు పుట్టింది. వేరే గుంపులవాళ్ళు లేబర్ కోర్టుకి వెళ్ళారు. ఏడాదిలో రెండొందల నలభై రోజులు పని చేసినట్టు పుస్తకంలో ఉంటే మనల్ని ఊరికే తీసెయ్యడానికి లేదనీ, కోర్టువాళ్ళు పక్కా చేయమని ఆర్డరు వేస్తారనీ చెప్పుకున్నారు. పక్కా అంటే ఏమిటో మీకు తెలియదు, పుట్టుకతోనే పక్కా ఇళ్ళల్లో పుట్టినవాళ్ళకి తెలియదు. రేపు రావద్దు అని ఎవడూ అనలేడు. జ్వరమొస్తే పడుకోవచ్చు. ముసలితనంలో పింఛను. మాకు అది స్వర్గం.

అప్పకి మాత్రం పింఛను మీద ధ్యాస లేదు. సాయంత్రం నేను హాజిరీ రాస్తుంటే పక్కన గొంతుక్కూర్చుని చూసేది. చదువు రాదు, అయినా చూసేది. ఒకరోజు పుస్తకం మీద వేలు పెట్టి, "పక్కా అయినాక నా పేరు యీడ రాత్తావా?" అంది. రాస్తానన్నాను. "ఏ వరసలో?" అంది. మొట్టమొదటి వరసలో నీ పేరే రాస్తాను, నీ తర్వాతే నా పేరు అన్నాను. సిగ్గుపడి ముసుగు సర్దుకుంది. యాభై దాటిన మనిషి, హాజిరీ పుస్తకంలో ఒక గడి కోసం సిగ్గుపడింది. ఆ గడి ఇప్పిస్తానని నేను మాటిచ్చాను. మీరు గుర్తుంచుకోవలసింది ఆ ఒక్క మాటే.

కచేరీ దగ్గర చంద్రాకర్ అని ఒక వకీలు ఉండేవాడు. ఈ ప్రాంతం మనిషి, మంచివాడే. హాజిరీ పుస్తకం నకళ్ళు తీసుకుని ఆయన దగ్గరికి వెళ్ళాను. ఆయన ఒక్కొక్క పేరూ లెక్కపెట్టాడు. జ్వరాలకీ ఊరి ప్రయాణాలకీ మానినవి పోను ప్రతివాడికీ ఏడాదికి రెండొందల అరవై దాకా ఉన్నాయి. కేసు నిలబడుతుందన్నాడు. అప్పుడు నేను, "ఇంకొక పేరు కూడా రాయండి సాబ్, మా అప్పది" అన్నాను. ఏ పుస్తకంలో ఉందని ఆయన అడిగాడు. ఇదిగో ఇదీ మా పద్ధతి అని వంతు సంగతంతా చెప్పాను. గొప్పగా చెప్పాను కూడా. మెచ్చుకుంటాడనుకున్నాను.

ఆయన లేచి వెళ్ళి తలుపు మూసి వచ్చాడు. "యే బాత్ బాహర్ మత్ బోల్నా" అన్నాడు, ఈ మాట బయట ఎక్కడా అనకు అని. తర్వాత ఒక కాగితం తీసుకుని నాకు లెక్క చూపించాడు. పుస్తకంలో ఒక్కొక్కడికి రెండొందల అరవై. అందులో ముప్ఫై రోజులు మా అప్ప చేసినవి. అవి తీసేస్తే రెండొందల ముప్ఫై. పది మందిలో ఏ ఒక్కడికీ రెండొందల నలభై లేవు. పైగా, రాని మనిషి వచ్చాడని సర్కారు పుస్తకంలో రాసినందుకు మేటుకి జైలు. నేను ఆ కాగితం వైపు చూస్తూ ఇంకో లెక్క వేసుకున్నాను. పది మంది దగ్గర ముప్ఫయ్యేసి రోజులు, అంటే అప్పకి మూడొందలు. చట్టం అడిగినన్ని రోజులు నిజంగా పని చేసిన మనిషి మా గుంపులో అప్ప ఒక్కతే. ఆమె పేరే పుస్తకంలో లేదు.

ఒకళ్ళ నోటి ముద్ద ఒకళ్ళం పంచుకు తినడమే మా కొంప ముంచింది చూడండి. తలో ముప్ఫై రోజులు ఎవడికి వాడు ఉంచుకుని ఉంటే పది మందీ నిజాయితీగా గెలిచేవాళ్ళు. ఆ మంచితనం నా బుర్రలో పుట్టిందే.

ముందు మీరు గెలవండి, మీ అక్కది తర్వాత వేరే అర్జీ పెడదాం అని వకీలు అన్నాడు. అప్పతో ఆ మాట చెప్పాను. "మీకొచ్చీసినాక నాకు రాదేటి? ముందు మీరెల్లండి. ఎనకాల నానొత్తాను" అంది. కోర్టు స్టే ఇచ్చింది గనక పని ఆగలేదు. వంతూ ఆగలేదు. పొద్దున్నే "ఈయాల నానెవర్ని" అని అడగడమూ ఆగలేదు. నేను కోర్టు బోనెక్కి, ఈ పది మందీ స్వయంగా పని చేశారు, ఎవరికీ ఎవరూ బదులు రాలేదు అని ప్రమాణం చేసి చెప్పాను. 

ఎనభై తొమ్మిదిలో శాఖవాళ్ళ చెవిన ఎవరో వేశారు. ఎవరో నాకు తెలుసు, ఇప్పుడు తిట్టి లాభం లేదు. ఈ పేర్లతో ఒక ఆడమనిషి పని చేసింది, ఆమెను పిలిపించి అడగండి అని శాఖ వకీలు అర్జీ పెట్టాడు. అప్ప ఇంటికి సమన్లు వచ్చాయి. దాని మీద తన పేరుందని చెబితే, "సర్కారోలు నా పేరు రాసినారా?" అని ఆ కాగితాన్ని రెండు చేతులా పట్టుకుని చూసింది.

సాక్ష్యం రోజు పొద్దున్న పది మందిమీ అప్ప గుడిసె ముందు చేరాం.  ఏమని అడుగుతాం? మా కోసం అబద్ధమాడు, నీ ఇన్నేళ్ళ పనీ గోతిలో పూడ్చెయ్యి అని అడుగుతామా? తాతయ్య గోడకి చేరబడి నేలకేసి చూస్తూ కూర్చున్నాడు. అప్ప తలస్నానం చేసి, బావ ఉన్నప్పుడు కొన్న ఆకుపచ్చ చీర కట్టుకుని బయటికొచ్చింది. అందరికీ చల్దన్నం పెట్టింది. తర్వాత నా ఎదురుగా నిలబడింది.

"ఒరే నూకా, ఆడకెల్లి నానేటి సెప్పాల?"

నేను మేటుని. ఇన్నేళ్ళూ ఏ రోజు ఆమె ఎవరో నేనే చెప్పాను. ఆ రోజు కూడా చెప్పవలసింది. నిజం చెప్పు అప్పా, జైలుకి నేను వెళ్తాను అనాలి. లేకపోతే, అబద్ధం చెప్పు అప్పా, పాపం నాది అనాలి. రెంటిలో ఏదైనా మగాడి మాటే అయ్యేది. నేను ఏమన్నానో తెలుసా? "నీ ఇష్టం అప్పా" అన్నాను. నీ ఇష్టం! ఆమె ఇష్టం నేనెప్పుడు అడిగాను గనక.

అప్ప తడి చేతులు కొంగుకి తుడుచుకుంది. "సరేలే, నడు" అంది.

కోర్టులో గుమాస్తా ముందు పేరు అడిగాడు. "నామ్?" అన్నాడు. అప్ప తిరిగి నా వైపు చూసింది. అలవాటు కొద్దీ చూసిందని నాకు ఒక్కడికే తెలుసు. ఇవాళ నేనెవర్ని అని అడుగుతోంది. నేను తల దించుకున్నాను. గుమాస్తా విసుక్కుని మళ్ళీ అడిగితే అప్పుడు, "అప్పలనరసమ్మ" అంది.

శాఖ వకీలు పుస్తకం తెరిచి ఒక్కొక్క పేరే చదివాడు. ఈ మనిషికి బదులు నువ్వు పనికి వెళ్ళావా అని అడిగాడు. అప్పటికి అప్ప హిందీ బాగానే నేర్చింది. "నై సాబ్" అంది. రెండో పేరు. "నై సాబ్." అలా పది పేర్లకీ పది సార్లు కాదంది. నా పేరు దగ్గర కూడా అంతే గట్టిగా కాదంది, నేనెప్పుడూ ఏ పనీ చేయలేదంది.

"అయితే రోజూ అక్కడికి ఎందుకు వెళ్ళేదానివి?"

"మై తో భాత్ లేకే జాతీ థీ" అంది. తమ్ముడికి అన్నం తీసుకెళ్ళేదాన్ని అని.

శాఖ వకీలు గట్టివాడు. ఆమె అరచేతులు చూపించమన్నాడు. అప్ప రెండు చేతులూ చాపింది. పార కర్ర పట్టీ పట్టీ వేళ్ళ మొదట్లో లేచిన కాయలు జడ్జీగారి దాకా కనబడ్డాయి. అన్నం మోస్తే ఈ కాయలు కాస్తాయా అని వకీలు నవ్వాడు. అప్ప ఆ చేతుల్ని తనవి కానట్టు ఒకసారి చూసుకుంది. "ఇంట్లో కట్టెలు కొడతాను సాబ్. మొగుడు లేడు, ఇంకెవరు కొడతారు" అని హిందీలో నెమ్మదిగా చెప్పింది. జడ్జీగారు అదే రాయించారు.

రాసింది చదివి వినిపించి కింద వేలు వేయమన్నారు. గుమాస్తా అప్ప బొటనవేలు పట్టుకుని సిరాలో అద్ది కాగితం మీద నొక్కాడు. ఉత్త నల్లటి మచ్చ పడింది. ఇంకోసారి నొక్కాడు. మళ్ళీ మచ్చే. "లకీరే హీ నహీ ఆ రహీ" అని గొణిగాడు, గీతలే పడటం లేదని. రాళ్ళూ గొట్టాలూ పట్టుకున్న వేలికి గీతలెక్కడుంటాయి? కట్టెలు కొట్టే మనిషికి వేలి గీతలు అరుగుతాయా అని ఒక్కడూ అడగలేదు. తన పేరు కింద అప్ప తన వేలు పెట్టడం పుట్టి బుద్ధెరిగాక అదే మొదటిసారి. నేనెన్నడూ ఏ పనీ చేయలేదు అన్న మాట కింద పెట్టింది.

బయటికొచ్చాక కుళాయి దగ్గర వేలు కడుక్కుంది. సిరా పోలేదు. "ఈయాల ఎవుడి వంతురా?" అని అడిగింది. తాతయ్యది అన్నాను. "పాపం, పిల్లలోడు. రోజు పోనాది" అంది. నాకు అక్కడే ఆమె కాళ్ళ మీద పడాలనిపించింది. పడలేదు. చుట్టూ జనం ఉన్నారని సిగ్గుపడ్డాను.

తొంభైలో తీర్పు వచ్చింది. పది మందీ పక్కా. జడ్జీగారు తీర్పులో అప్ప సాక్ష్యం గురించి కూడా రాశారట, శాఖ తెచ్చుకున్న సాక్షే శాఖ మాట కాదందని. వకీలు జిలేబీ తెప్పించాడు. ఆ జిలేబీ చేతిలో పట్టుకునే అప్ప అర్జీ ఎప్పుడు పెడదామని అడిగాను. ఆయన మొహం మారిపోయింది. నేనెప్పుడూ పని చేయలేదని ఆమె కోర్టులో ప్రమాణం చేసి చెప్పింది కదా, ఇంక ఏ కోర్టు వింటుంది అన్నాడు. ఆ తీర్పు నిలబడిందే ఆ మాట మీద అన్నాడు. నేను ఆయన్ని నానా మాటలూ అన్నాను. ముందే తెలిసీ ఎందుకు చెప్పలేదని అరిచాను. ఆయన అంతా విని, "నీకు తెలియదా?" అన్నాడు.  నాకు తెలుసు. ఆ పొద్దున్న 'నీ ఇష్టం' అన్నప్పుడే తెలుసు.

పక్కా అయిన మర్నాడు కొత్త ఓవర్సీరు వచ్చాడు. ఒక్కొక్కడికీ ఫోటో అంటించిన సర్వీసు పుస్తకం, ఎవడి హాజిరీకి వాడే సంతకం. మేం అంతా వరసలో నిలబడి ఉన్నాం. అప్ప ఎప్పటిలాగే పార భుజాన వేసుకుని వచ్చింది. నా ముందు ఆగి నవ్వుతూ అడిగింది.

"ఒరే, ఈయాల నానెవర్ని?"

 పక్కా మనిషికి బదులు ఉండదు. ఆ సంగతి పక్కా అయ్యేదాకా మాలో ఎవడికీ తట్టలేదు. నేనే చెప్పాను, "ఇంటికెళ్ళు అప్పా" అని. ఆమెకి అర్థమవడానికి కొంచెంసేపు పట్టింది. పార దించి, మట్టి దులిపి, మళ్ళీ భుజానికెత్తుకుని వెళ్ళిపోయింది.

ఆ సాయంత్రం పది మందిమీ వెళ్ళి, నువ్వు ఊరికే కూర్చో, మేం తలా ఇంత చూసుకుంటాం అన్నాం. ఒప్పుకోలేదు. "వంతయితే తీసుకుంతాను. దానవేటికిరా నాకు? నాను సేతులు లేనిదాన్నేటి?" అంది. నా ఇంటికి రమ్మంటే రాలేదు. ఊరి చివర భన్‌పురిలో ఒక చిన్న కార్ఖానాలో ఇనపతుక్కు ఏరే పని చూసుకుని అక్కడే గుడిసె వేసుకుంది. ఆదివారం ఆదివారం వెళ్ళేవాణ్ణి. ఎప్పుడూ ఒక్క మాట అనలేదు. అంటే బాగుండేది. నాలుగు తిట్టి చెంప మీద ఒకటి వేసినా బాగుండేది. వెళ్ళిన ప్రతిసారీ అన్నం పెట్టి, "సర్కారోడివి, బట్టలు మాపుకోకు" అనేది.

మా గుంపు చెదిరిపోయింది. పక్కా వాళ్ళకి బదిలీలుంటాయిగా. ఇద్దర్ని దూరాన తిల్దా అనే ఊరికి పంపారు, అందులో తాతయ్య ఒకడు, అక్కడ పంపు హౌసులో డ్యూటీ. మిగిలినవాళ్ళు తలో దిక్కూ. ఒకరి మొహం ఒకరం చూసుకోవడమే తగ్గిపోయింది. చూసుకుంటే అప్ప గుర్తొస్తుంది, అదీ సంగతి.

తొంభై ఏడు ఎండాకాలంలో అప్ప పోయింది. ఏడాదిగా దగ్గు. ఇనప ధూళి అన్నారు. మందులిప్పిస్తానంటే, "నీ సర్కారు ఆస్పత్రి కార్డులో నా పేరున్నాదేటి?" అని నవ్వింది. లేదు. తోడబుట్టిన అక్క మా రూలు ప్రకారం కుటుంబం కిందికి రాదు. మధ్యాహ్నం కార్ఖానాలోనే ఒరిగిపోయిందని కబురొస్తే పరిగెత్తాను.

తొమ్మిది మందికీ కబురు పెట్టాను. వచ్చింది ఇద్దరు. మిగిలినవాళ్ళని అనడానికి లేదు, ఛుట్టీ దొరకలేదు. తాతయ్య తిల్దాలో పంపు వదిలి రావాలంటే బదులు మనిషి రావాలి, ఆ మనిషి సాయంత్రందాకా రాడు. ఒకప్పుడు మాలో ఎవడికి ఏ అవసరం వచ్చినా, నువ్వెళ్ళరా నీ బదులు నేనున్నాను అని అప్ప అనేది. పాడెకి ముగ్గురమే ఉన్నాం. నాలుగో భుజం పక్క గుడిసెలో తుక్కు ఏరే ఛత్తీస్‌గఢీ మనిషి పట్టాడు. అతని పేరు కూడా నాకు తెలియదు. తాతయ్య రెండో రోజు వచ్చి, బూడిద దగ్గర కూర్చుని, "మా యమ్మకి మోయడానికి కూడా ఎల్లలేకపోనాను" అని చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. వాడి నాలుగో పిల్ల ఆ ఏడే పెద్ద పరీక్ష పాసైంది. అప్ప వాడి పేరుతో తవ్విన రోజులు కలిస్తేనే వాడు పక్కా అయ్యాడు, ఆ జీతం మీదే ఆ పిల్ల చదివింది. ఆ మాట వాడే అన్నాడు.

నాలుగో రోజు చావు రాయించడానికి ఆఫీసుకి వెళ్ళాను. కిటికీ వెనకాల ఒక గుమాస్తా, మర్యాదగానే మాట్లాడాడు. పేరు అడిగాడు. అప్పలనరసమ్మ అన్నాను. ఈ దేశంలో ఆ పేరు ఎవరికీ నోరు తిరగదు. ఒక్కొక్క అక్షరం విడగొట్టి చెప్పాను, సరిగా రాసేదాకా వదల్లేదు. పన్నెండేళ్ళు రోజూ పేర్లు రాసిన చెయ్యి నాది, ఆ పేరు ఒక్కసారి కూడా రాయలేదు. కనీసం ఇక్కడ తప్పు పడకూడదనుకున్నాను. భర్త పేరు చెప్పాను. వయసు చెప్పాను.

"పేశా?" అన్నాడు. ఏం పని చేసేది అని.

"సర్కారీ నౌకరీ" అన్నాను. "పన్నెండేళ్ళు. ఏడాదికి మూడొందల రోజులు."

అతను కలం ఆపి తలెత్తాడు. ఏ శాఖ, సర్వీసు పుస్తకం ఉందా, ఏదైనా కాగితం ఉందా అని అడిగాడు. ఉంది. అప్ప పెట్టెలో దొరికిన కాగితం నా జేబులోనే ఉంది. కేసయ్యాక, కోర్టులో నా పేరు రాశారు కదా దాని నకలు తెచ్చిపెట్టరా అని అడిగి తెప్పించుకుంది. ఏడేళ్ళు మడత నలక్కుండా దాచుకుంది. సర్కారు కాగితాల్లో ఆమె పేరున్నది అదొక్కటే. అందులో, నేను ఎప్పుడూ ఏ పనీ చేయలేదు, ఇంట్లో కట్టెలు కొడతాను అని ఉంది. కింద గీతలు లేని వేలిముద్ర ఉంది.

జేబులో చెయ్యి పెట్టి ఆ కాగితాన్ని పట్టుకుని నిలబడ్డాను. వెనకాల వరసలో జనం తొందరపెడుతున్నారు. ఇది చూపిస్తే ఏమవుతుంది? ఆమె అబద్ధం చెప్పింది, నేను చెప్పించాను అని చెబితే ఏమవుతుంది? నాకు ఇంకా రెండేళ్ళ సర్వీసు ఉంది. తాతయ్యకి పదేళ్ళు ఉంది. ఆ కిటికీ ముందు కూడా నేను రోజుల లెక్క వేశాను. అంత మనిషిని నేను.

"కాగితం లేదు" అన్నాను.

"తో ఘరేలూ లిఖ్ దేతా హూఁ" అన్నాడు. ఇంటి పని అని రాసేస్తాను అని. రాశాడు. ఆ ఫారాన్ని నా వైపు తిప్పి, చెప్పినవారి సంతకం ఎక్కడ పెట్టాలో వేలితో చూపించాడు.

పెట్టాను.